పన్ను ఖాతా అడిగిన ఊరి పేరు

ఇరవై రెండేళ్ళు జిరాక్స్ మిషను ముందు నిలబడ్డవాణ్ణి. దిల్‌సుఖ్‌నగర్‌లో మా సందుకు వచ్చే కోచింగ్ పిల్లల నోట్సులు, ఇళ్ళ కాగితాలు, కోర్టు నోటీసులు, కులం సర్టిఫికెట్లు అన్నీ నా చేతుల మీదుగానే పోయేవి. ఎవరి మార్కుల మెమో ఏ మూల చిరిగిందో నన్నడిగితే చెప్పేవాణ్ణి. అట్లాంటి నా దగ్గర నా సొంత కాగితం ఒక్కటి ఉండేది కాదు. దీపం కింద చీకటి అంటారే, అది మా దుకాణానికి సరిగ్గా సరిపోతుంది. నా ఇన్‌కంటాక్స్ కాగితాలన్నీ మెట్లెక్కి పైకి పోతే మొదటి గదిలో, సారు దగ్గర ఉండేవి.

సారు అంటే పన్నుల పని చేసిపెట్టే పెద్దాయన. కృష్ణ ఒడ్డున ఒక డెల్టా పల్లె నుంచి నలభై ఏళ్ళ కింద ఈ నగరానికి వచ్చి, ఒక కంపెనీలో గుమాస్తాగా చేసి, రిటైరయ్యాక మా దుకాణం పైగదిలో చిన్న ఆఫీసు పెట్టుకున్నారు. సందులో దుకాణాలవాళ్ళ రిటర్నులన్నీ ఆయనే వేసేవారు. కోస్తా నుంచి వచ్చినవాళ్ళు మాస్టారు అనేవాళ్ళు, నాలాగా నల్లగొండ నుంచి వచ్చినవాళ్ళం సారు అనేవాళ్ళం.

రోజూ పదకొండు గంటలకు కాగితాలు పట్టుకుని దిగేవారు. "రెండేసి తియ్యి అబ్బాయ్, ఒకటి వాళ్ళకి, ఒకటి నాకు" అనేవారు. స్టేప్లర్ మాత్రం ముట్టుకోనిచ్చేవారు కాదు. పిన్ను తుప్పుపట్టి కాగితాన్ని తినేస్తుందని ఆయన భయం. జేబులోంచి తెల్లదారం ట్యాగు తీసి, కాగితాలు నాలుగు వైపులా తట్టి సమం చేసి, తీరిగ్గా కట్టేవారు. వెనక జనం క్యూ కట్టినా ఆయనకు పట్టేది కాదు. నాకు ఒళ్ళు మండేది. ఆ పని అయ్యాక ఎదురు హోటల్ నుంచి వన్ బై టూ చెప్పేవాణ్ణి. ఆయన టీ అనేవారు, నేను చాయ్ అనేవాణ్ణి. దాని మీద రోజూ ఒక మాట అనుకోకుండా ఆ గ్లాసులు ఖాళీ అయ్యేవి కావు.

రిటర్నులు కంప్యూటర్‌లో వేసే రోజులు రాగానే అరవై దాటిన ఆ మనిషి నా దుకాణంలోనే, నా కంప్యూటర్ మీదే, రెండు వేళ్ళతో కొట్టడం నేర్చుకుని, తర్వాత పైగదిలోకి సొంతంగా ఒకటి కొనుక్కున్నారు. సందులో అందరికీ ఖాతాలు తెరిచారు. అందరి ఖాతాలకూ ఫోన్ నంబరు ఆయనదే, మెయిలు ఆయనదే, పాస్‌వర్డు ఆయనొక్కరికే తెలుసు. మాకు తెలియాలన్న ఆలోచన ఆయనకూ రాలేదు, మాకూ రాలేదు. ఊరికి పోతూ ఇంటి తాళంచెవి పక్కింట్లో ఇచ్చి పోయినట్టు, అంతే. ఒకసారి నేనే అడిగాను.

"సారూ, నా ఖాతా నాకు సుత తెల్వకపోతే ఎట్ల?"

"నీకెందుకయ్యా. నువ్వు మర్చిపోతావు. నేనున్నానుగా."

అప్పటికి తెలంగాణ ఉద్యమం సందు సందులోకీ వచ్చేసింది. ఎల్బీ నగర్ చౌరస్తా నుంచి దిల్‌సుఖ్‌నగర్ దాకా వారానికొక ఊరేగింపు, నెలకు నాలుగు బంద్‌లు. కరపత్రాలు నా దుకాణంలోనే ఉచితంగా తీసేవాణ్ణి. రిమ్ములకు రిమ్ములు పోయాయి, నా భార్య తిట్టింది, నేను వినలేదు. తీసిన ప్రతి కరపత్రంలో ఒక ప్రతిని కట్టగట్టి అటక మీద దాచుకునేవాణ్ణి. ఆ పిచ్చి నాకు ఇప్పటికీ సంతోషమే. రాష్ట్రం కావాలని అరిచినందుకు నాకు సిగ్గు లేదు, ఆ రోజు మళ్ళీ వస్తే మళ్ళీ అరుస్తాను. సిగ్గుపడేది వేరే దానికి.

సారుతో కూడా వాదించేవాణ్ణి. నీళ్ళనీ, కొలువులనీ, నాకు తెలిసిందీ తెలియందీ కలిపి ఆయన మీద కుమ్మరించేవాణ్ణి. ఆయన చాయ్ ఊదుకుంటూ వినేవారు. "రావాల్సిందైతే వస్తుందిలే అబ్బాయ్. నాకు మాత్రం ఈ మెట్లు ఎక్కి దిగే ఓపిక ఉంటే చాలు" అనేవారు. ఆయనకు కోపం ఎందుకు రాదా అని నాకు కోపం వచ్చేది.

ఆ ఏడాది జూలైలో నా కాగితాలన్నీ ఒక కవరులో పెట్టి ఆయనకిచ్చాను. పది రోజుల తర్వాత పెద్ద ఊరేగింపు జరిగింది. నేను జెండా పట్టుకుని ముందు నడిచి, గొంతు పోయి, మధ్యాహ్నం మంచినీళ్ళకని దుకాణానికి వచ్చి సగం షటర్ ఎత్తాను. నా వెనకే ఊరేగింపులోంచి ఐదారుగురు సందులోకి వచ్చారు. మెట్ల పక్కన సారు బోర్డు ఉండేది. అందులో మొదటి మాట 'ఆంధ్రా'. ఒకతను ఆగి బోర్డు వంకా నా వంకా చూశాడు.

"అన్నా, గీ బోర్డు ఎవలది?"

వాళ్ళు నన్నెరుగుదురు. వాళ్ళ చేతుల్లో ఉన్నవి నేను తీసిన కరపత్రాలే. మనోడే, పోండి తమ్మీ అని ఒక్క మాట అంటే పోయేవాళ్ళు. ఆ సంగతి నాకప్పుడే తెలుసు, తర్వాత తెలిసింది కాదు.

"పైన ఉంటడు" అన్నాను.

జెండా కర్రతో బోర్డును పొడిచి లాగారు. రేకు బోర్డు, రెండు మేకులకు వేలాడుతుండేది. పెద్దగా కష్టపడకుండానే ఊడి పడింది. దాని మీద నడుచుకుంటూ వెళ్ళిపోయారు. నేను నీళ్ళసీసా మూత పెట్టి తల తిప్పేసరికి సారు నాలుగో మెట్టు మీద ఉన్నారు. చేతిలో కాగితాలున్నాయి, జిరాక్స్‌కి దిగుతున్నారు. ఎప్పటినుంచి నిలబడ్డారో, నా మాట విన్నారో లేదో అడగలేదు. ఆయన బోర్డు వంక చూడలేదు, నా వంకే చూశారు. తర్వాత మెల్లగా పైకి వెళ్ళిపోయారు.

మర్నాడు పదకొండింటికి ఆయన దిగలేదు. బోర్డు నేనే తీసి మెట్ల కింద పెట్టాను, అంతకుమించి ఏమీ చేయలేదు. ఎన్నోసార్లు మెట్ల దాకా పోయి తిరిగొచ్చాను. ఏమని మొదలుపెట్టాలో తెలియలేదు. తెలియక కాదు, మొహం చెల్లక. కొన్ని నెలలపాటు ఆయన వస్తూ పోతూ ఉండేవారు. నా దుకాణం ముందు నుంచే నేల చూస్తూ నడిచేవారు, జిరాక్సులు మెయిన్ రోడ్డు మీద తీయించుకునేవారు. ఆ తర్వాత రావడం మానేశారు. పైగదిలోకి సెల్‌ఫోన్ రిపేరు చేసేవాళ్ళు వచ్చారు. సారు ఏరీ అని ఎవరైనా అడిగితే "ఆళ్ళ ఊరికి పోయిండు" అని చెప్పేవాణ్ణి. ఎవరూ నాతో అట్లా చెప్పలేదు, నేనే అనుకున్నాను. అట్లా అనుకుంటే నాకు హాయిగా ఉండేది.

నా రిటర్ను సంగతి తర్వాత ఆయన్ను అడగలేదు. అంత జరిగాక ఆయన నా పని చేసి ఉంటారని కూడా అనుకోలేదు. మరుసటి ఏడాది ఎల్బీ నగర్‌లో మా జిల్లా కుర్రాడొకడు ఆఫీసు తెరిస్తే, మనోడు కదా అని అతనితో కాగితం మీదే రిటర్ను వేయించాను.

ఇంకో ఏడాది గడిచింది. మా అమ్మాయికి ఫిజియోథెరపీలో సీటొచ్చింది. దాని మోకాలి చిప్ప చిన్నప్పుడు తప్పి, దవాఖానలో ఒకామె ఆరు నెలలు నడక నేర్పింది. అప్పటినుంచి అదే చదువుతానని దాని పట్టు. శనివారం లోపల ఫీజు కట్టాలి, లేకపోతే సీటు ఇంకొకరికి పోతుంది. సోమవారం బ్యాంకుకు పోతే అప్పు ఇస్తామన్నారు గానీ, నాది నెలజీతం కాదు కాబట్టి గత రెండేళ్ళ రిటర్నుల కాపీలు తెమ్మన్నారు. ఎల్బీ నగర్ అతను వేసింది ఒకటి చేతిలో ఉంది. రెండోది సారుకు నేను కవరిచ్చిన ఏడాదిది.

మంగళవారం ఎల్బీ నగర్ అతని దగ్గరికి పరుగెత్తాను. అతను నెమ్మదిగా చెప్పాడు.

"అన్నా, ఆ సారు వేసుంటే నీ ఖాతాల ఉంటది. వెయ్యకుంటె మాత్రం ఇప్పుడు ఆ ఏడాదిది వెయ్యనీకి రాదు. టైం అయిపోయింది."

"ఖాతా తెరువు మరి."

"పాస్‌వర్డ్ ఏంది?"

పాస్‌వర్డు నాకేం తెలుసు. సారు నంబరుకు చేస్తే ఆ నంబరు వాడుకలో లేదంది. ఎల్బీ నగర్ అతను తనకు తోచినవన్నీ కొట్టి చూశాడు. ఐదోసారికి ఖాతా తాళం వేసుకుంది. తెరవాలంటే రహస్య ప్రశ్నకు జవాబు చెప్పాలట. ప్రశ్న తెర మీదకు వచ్చింది. మీరు పుట్టిన ఊరు ఏది?

నాకు నవ్వొచ్చింది. మూడేళ్ళుగా ఊరూ ఊరూ అని గొంతు చించుకున్నవాణ్ణి, నన్ను అడగాల్సిన ప్రశ్నేనా అది. మా ఊరి పేరు చెప్పాను, తప్పంది. తొలిచూలు కాన్పు పుట్టింట్లోనే చేస్తారు కదా, దేవరకొండ దిక్కున మా అమ్మమ్మ ఊరు చెప్పాను. అదీ తప్పే. నల్లగొండ అన్నాను. మూడూ తప్పేనని, రేపు రమ్మని మళ్ళీ తాళం పడింది. మా అమ్మకు ఫోన్ చేసి, నేను పుట్టింది ఏ ఊర్లో అని అడిగాను.

"ఏ ఊర్ల అంటె ఏం చెప్పాలె బిడ్డా. మా అమ్మగారింటికి తోల్కపోతుంటె తొవ్వల, ఎడ్లబండ్లనే పుడితివి. ఆ పొలం ఏ ఊరిదో ఎవలకెర్క."

బుధవారం మండలం పేరు, హైదరాబాద్, అమ్మ చెప్పిన తోవలో ఉన్న ఊరొకటి, మూడూ కొట్టించాను. మళ్ళీ తాళం పడింది. ఎల్బీ నగర్ అతను కుర్చీ వెనక్కి నెట్టి, ఆ జవాబు ఖాతా తెరిచినాయనకే తెలుస్తుందన్నాడు. ఇంటికొచ్చి కూర్చుంటే నా భార్య అన్నం పెట్టి ఎదురుగా నిలబడింది.

"ఆ దినం నోరు తెరవాల్సిన కాడ తెరవకపోతివి. ఇప్పుడన్న పో. ఆ పెద్దమనిషి ఏడున్నడో ఎతికి కాళ్ళు పట్టుకో. పిల్ల సీటు ముంగట నీ షానేంది, నీ పట్టింపేంది?"

పక్కగదిలో అమ్మాయి తన సర్టిఫికెట్లు ఒక ఫోల్డర్‌లో సర్దుతోంది. అన్నీ నేను తీసిన జిరాక్సులే.

సారు ఇల్లు నాకు తెలుసు. ఒకసారి పెద్దవానలో రోడ్డు మీద మోకాలిలోతు నీళ్ళు పారుతుంటే నా స్కూటర్ మీద దింపాను. సరూర్‌నగర్ చెరువు వెనక కాలనీలో, రెండో అంతస్తులో కిరాయి ఇల్లు. గురువారం పొద్దున్నే వెళ్ళాను. ఊరికి పోయి ఉంటారు, పక్కవాళ్ళనడిగి కొత్త నంబరు తీసుకోవాలి అనుకుంటూ మెట్లెక్కాను. తలుపు ఆయన భార్య తీసింది. ఆమె వెనక గోడ మీద సారు ఫొటో, దానికి దండ.

చెప్పులు విడవడం మరిచిపోయి అట్లాగే నిలబడ్డాను.

"ఎప్పుడమ్మా?"

"ఉగాదికి వారం ముందు, బాబూ. గుండెపోటు. లోపలికి రా, ఎండలో వచ్చావు."

"ఊరికి పోయిన్రనుకున్న నేను."

"ఏ ఊరు బాబూ? అక్కడ మాకెవరున్నారు? ఇల్లు కూడా లేదు, ఎప్పుడో కృష్ణకి వరదొస్తే పోయింది. నలభై ఏళ్ళు ఇక్కడేగా ఉన్నాం."

నీళ్ళిచ్చింది. నేనెవరో చెప్పబోతే తెలుసంది, కింద జిరాక్స్ అబ్బాయివి కదా అంది. బోర్డు సంగతి ఆమె ఎత్తలేదు. ఎత్తితే బాగుండుననిపించింది, తిడితే పడి ఇంటికి పోదును. చివరికి నేనొచ్చిన పని చెప్పాను. చెబుతుంటే నా మీద నాకే అసహ్యం వేసింది. ఫొటోకు దండం పెట్టకముందే పాస్‌వర్డు అడిగినవాణ్ణి నేనొక్కణ్ణే అయి ఉంటాను.

ఆమె బీరువాలోంచి పొడుగాటి నోటుపుస్తకం తెచ్చింది. దానికీ తెల్లదారమే కట్టి ఉంది. పేజీకొక దుకాణం, సందు సందంతా అందులో ఉంది. నా పేజీలో పాన్ నంబరు, పాత పాస్‌వర్డు, కింద జవాబు రాసి ఉన్నాయి. ఆ జవాబు ఎప్పుడూ వినని ఊరి పేరు. పక్క పేజీ తిప్పాను, మిఠాయి దుకాణం నల్లగొండాయనకూ అదే ఊరు. కుట్టు మిషన్ల ఆయనకూ, గాజుల దుకాణం ఆమెకూ అదే ఊరు.

"అది మా ఊరు బాబూ, ఆయన పుట్టిన ఊరు. అందరికీ అదే రాసేవారు. ఎవరెక్కడ పుట్టారో నాకేం గుర్తుంటుంది, నా ఊరైతే మర్చిపోను కదా అనేవారు. సందులో సగంమంది మా ఊళ్ళోనే పుట్టారే అని ఒకటే నవ్వు."

ఆమె కూడా కొంచెం నవ్వింది. జవాబు ఒక చీటీ మీద రాసుకున్నాను. లేచి, అప్పుడు ఫొటోకు దండం పెట్టాను. గుమ్మం దాకా వచ్చాక ఏదో ఒకటి చేసిపెట్టాలని, నాకు వచ్చిన పని ఒక్కటే కాబట్టి అదే అడిగాను.

"అమ్మా, ఏమన్న కాపీలు తియ్యాల్సినవి ఉన్నయా? సారువి, బ్యాంకుకు, పింఛనుకు?"

"అన్నీ అయిపోయాయి బాబూ. మరణ ధ్రువపత్రం పాతిక కాపీలు కావాలన్నారు. నీ షాపుకే వచ్చాను మొదట. జనం ఉన్నారు, నువ్వు తలెత్తలేదు. నిన్ను ఇబ్బంది పెట్టడం ఎందుకులే అని బస్సెక్కి ఎల్బీ నగర్ వెళ్ళి తీయించుకొచ్చాను."

చెరువు గట్టు దగ్గర స్కూటర్ ఆపి ఏడ్చాను. మా నాయన పోయినప్పుడు కూడా నలుగురి ముందు ఏడవనివాణ్ణి, ఆ రోజు రోడ్డు మీద వచ్చేపోయేవాళ్ళు చూస్తుండగా ఏడ్చాను. సారు ఆఖరి కాగితం ఆయన మెట్ల కింద ఉన్న మిషను మీద పడకుండా పోయింది. దానికి నేను తప్ప ఇంకెవరూ కారణం కాదు.

దుకాణానికి వచ్చి, ఆయన రెండు వేళ్ళతో కొట్టిన ఆ కీబోర్డు మీదే ఆ ఊరి పేరు కొట్టాను. తాళం తెరుచుకుంది. కొత్త పాస్‌వర్డు పెట్టి లోపలికి వెళితే, ఏ ఏడాది కోసం వెతుకుతున్నానో ఆ ఏడాది రిటర్ను అక్కడ ఉంది. అన్ని గడులూ నిండి, ఒక్క తప్పు లేకుండా ఉంది. వేసిన తేదీ చూసి కుర్చీలోంచి లేచాను. అటక మీది కట్ట దించి ఆ ఊరేగింపు కరపత్రం వెతికాను. రిటర్ను దాని మీది తేదీకి మర్నాటిది. గడువుకు ఇంకా రోజులున్నాయి. బోర్డు పడిన మర్నాడు పొద్దున పైగదిలో కూర్చుని, ముందు నా పని పూర్తి చేశారు.

రెండు ప్రతులు తీశాను. స్టేప్లర్ పక్కకు పెట్టి, దారం కోసం దుకాణమంతా వెతికి, చివరికి పువ్వులమ్మే ఆమెను అడిగి తెచ్చి కట్టాను. శుక్రవారం బ్యాంకులో ఇచ్చాను, శనివారం ఫీజు కట్టాం. బోర్డు మెట్ల కింద ఇంకా ఉందేమోనని చూశాను, లేదు. పాత ఇనుముకు ఎవరో ఎప్పుడో ఎత్తుకుపోయి ఉంటారు.

తర్వాత రాష్ట్రం వచ్చింది. ఎల్బీ నగర్ చౌరస్తాలో అందరితోపాటు ఎగిరాను, రంగు చల్లుకున్నాను. ఇంటికి వస్తూ స్వీట్లు కొని సరూర్‌నగర్ వైపు బండి తిప్పాను. ఆ ఇంటికి టులెట్ బోర్డు వేలాడుతోంది. ఆమె ఎక్కడికి వెళ్ళిందో ఇంటాయనకు కూడా సరిగ్గా తెలియదు.

అమ్మాయి ఇప్పుడు మలక్‌పేటలో ఒక దవాఖానలో ముసలివాళ్ళకు నడక నేర్పుతోంది. పన్ను ఖాతాలో ఫోన్ నంబరు నాది, మెయిలు నాది. రహస్య ప్రశ్న మార్చుకోమని ఆ ఖాతా చాలాసార్లు అడిగింది, మార్చలేదు. నేను పుట్టిన ఊరు ఏదని అది అడిగితే నేను ఇప్పటికీ సారు ఊరే చెబుతాను. అందుకే ఆ ఊరి పేరు ఇక్కడ రాయలేదు.